ఏడు రోజులు ఉచితం

ఏడో తారీఖు, తెల్లవారుజాము మూడుముప్పావు.
దిండు కింద ఫోను ఒకసారి దగ్గింది.
మూడు వందల నలభై తొమ్మిది
కార్డులోంచి వెళ్ళిపోయాయి.
ఎవరికో తెలీదు. ఆ పేరు
కూడబలుక్కుని చదివినా
మనిషి పేరులా లేదు, ఊరు పేరులా లేదు.

పోయిన నెలా ఏడే. అంతకు ముందూ ఏడే.
జీతమైనా ఒక్కోసారి తొమ్మిదికి పడుతుంది,
ఇది మాత్రం తప్పదు.
మల్కాపురంలో పాలవాడికి కూడా లేదు ఇంత నిష్ఠ.

నూకరత్నం పాసుపుస్తకం మీద వేలు పెట్టి లెక్కేసింది.
"పదకొండు నెల్లు. మూడేల ఎనిమిదొందల ముప్పై తొమ్మిది.
ఎవలకి పంపుతన్నావేటి?"
నవ్వుతూనే అడిగింది, సగం.
ఆ మిగతా సగానికి
నా దగ్గర జవాబు లేదు.

సింధియా దగ్గర బ్యాంకులో టోకెను నలభై రెండు.
షహనాజ్ మేడం కళ్ళజోడు పైకి నెట్టి
"దొంగతనం కాదండీ, మీరే ఒప్పుకున్నారు" అంది.
నేనా? ఏ కాగితం మీద?
ఇల్లు అద్దెకి తీసుకున్నప్పుడు ఒప్పుకున్నాను,
క్రేను ఎక్కేముందు ఏమన్నా అయితే నాదే పూచీ అని ఒప్పుకున్నాను,
దీనికి ఎప్పుడేశాను వేలిముద్ర?

"వేలిముద్రేనండీ" అంది, నా ఫోను నాకే తిప్పి చూపిస్తూ.

అప్పుడు గుర్తొచ్చింది.
పోయిన ఎండాకాలం. రాత్రి డ్యూటీల వరస.
ఎనిమిది గంటలు ఓడలోంచి బొగ్గు దించి వచ్చి
పగలు పడుకుంటే
కిటికీ కింద లారీలు, నెత్తిన రేకు, పక్కింట్లో మిక్సీ.
మేనల్లుడు దుర్గాసాయి
"మావా, ఇది పెట్టుకో, నిద్దరడతాది" అని
నా బొటనవేలు పట్టుకుని ఫోను మీద ఆనించాడు.
చెవుల్లో అలలు.
ఒకటొచ్చి విరిగి, ఇసకలోకి ఇంకి,
ఇంకోటి రావడానికి కావలసినంత సేపు ఆగి...
ఏడు రోజులు ఉచితం అన్నారు.
ఎనిమిదో రోజు గురించి ఎవరూ ఏమీ అనలేదు.
నేనూ అడగలేదు. నిద్రపోతున్నాను.

విశాఖపట్నంలో పుట్టి
యారాడ కొండకి ఇవతలే నలభై ఏళ్ళు బతికి
నెలనెలా సముద్రానికి బాడుగ కడుతున్నాను.
ఈ మాట ఎవరితో చెప్పుకోను?
క్రేను మీంచి చూస్తే నా కాళ్ళ కిందే ఉంటుంది,
నూనె తేలుతూ, చప్పుడు లేకుండా.
రేవులో నీళ్ళకి అల ఉండదు.
గోడకి ఆనుకుని పడుకుంటాయి.

వదిలించుకోడానికి ఓ సాయంత్రమంతా పట్టింది.
ఆ మీటని
కోడలికి దొరక్కుండా దాచిన నేతిగిన్నెలా దాచారు.
నిజంగానే వెళ్తారా అంది.
సగం ధరకి ఉంటారా అంది.
ఏం తప్పు చేశామో చెప్పండి అంది.
మా ఇంటికొచ్చిన చుట్టాన్ని కూడా
నేనింత బతిమాలలేదు ఎప్పుడూ.
చిట్టచివర, బూడిద రంగులో, చీమతలంత,
"పర్వాలేదు, వెళ్తాను."

పాత డబ్బు రాదట. అర్జీ రాయమంది మేడం, రాశాను.
కార్డు మార్చమంది, మారుస్తాను.

కానీ ఈ నెలది కట్టేశాం కదా,
ఇంకా ఇరవై మూడు రోజులుందట.
నూకరత్నం ఊరుకుంటుందా,
అడుగంటిన మాడు కూడా పారెయ్యని మనిషి.
రాత్రి తొమ్మిదికి ఫోనుని స్టీలు గ్లాసులో నిలబెట్టి,
చాప పరిచి, పక్కింటి మిక్సీ ఆవిణ్ణి కూడా పిలిచి
"ఇనండి, డబ్బులెట్టి కొన్నాం" అంటుంది.
గ్లాసులో సముద్రం కొంచెం రేకు గొంతుతో మోగుతుంది.
లారీ వచ్చినప్పుడు మునిగి, మళ్ళీ తేలుతుంది.

నిన్న చాలాసేపు విని, జాలరి కూతురు కదా,
"ఇది మన సముద్రం కాదు" అంది.
"మనదానికి మూలుగుంటాది.
ఇదే ఊరిదో, పాపం."